మూడుసార్లు చల్లిన సామలు

1926 మే 6, గురువారం

చేరాను. శృంగవరపుకోట దగ్గర ఘాటీ ఎక్కడం మొదలుపెట్టి ఇవాళ్టికి ఐదో రోజు. అనంతగిరిలో బండి ఇరుసు విరిగి ఒక రోజంతా పోయింది. కెమెరా పెట్టెను బండిలో వదలడానికి మనసొప్పక దారంతా ఒళ్ళో పెట్టుకు కూచున్నాను. నడుం పట్టేసింది. కెమెరాకి మాత్రం ఏమీ కాలేదు. రాగానే పెట్టె తెరిచి చూశాను, అన్నం తిన్నాక మళ్ళీ తెరిచి చూశాను.

ఊరి పేరు కరకపుట్టు. డుంబ్రిగుడకి రెండు కోసులు, పదిహేను ఇళ్ళు. ఊరిపెద్ద సోంబరుకి నలభై ఏళ్ళుంటాయేమో, నా బూట్లకేసి చూస్తూ మాట్లాడాడు. అతని తల్లి చిట్టెమ్మ నా మొహంలోకే చూసింది గానీ ఏమీ మాట్లాడలేదు. వాళ్ళ మాట నాకూ నా మాట వాళ్ళకీ చెప్పడానికి డుంబ్రిగుడ నుంచి ధనరాజు మేష్టారిని వెంట తెచ్చుకున్నాను. క్రైస్తవుడు, అక్కడ పిల్లలకి అక్షరాలు చెబుతాడు, కొండ భాష బాగా వచ్చు. నెమ్మదస్తుడు. మరీ నెమ్మదస్తుడు. ఒక ముక్క చెప్పేలోపు పదిసార్లు గొంతు సవరించుకుంటాడు.

ఈ కొండల్లో బొమ్మలు తీసుకోవచ్చని కలెక్టరు దొరగారిచ్చిన ఉత్తరం చూపించాను. చదవడం ఎవరికీ రాదు, ఎర్ర లక్క ముద్ర చూశారు. పితూరి అణిగి రెండేళ్ళే అయింది, ముద్ర ఉన్న కాగితమంటే వీళ్ళకి గుండె జారుతుంది. నేను సర్కారు మనిషినని చెప్పలేదు. కాదనీ చెప్పలేదు. వాళ్ళు అడగలేదు గనక.

మే 8

ఆకాశంలో ఒక్క మబ్బు లేదు. ఇలాగే ఉండాలి.

మద్రాసు సినిమా కంపెనీ ఇచ్చిన జాబితా మళ్ళీ చదివాను. ‘కొండవారి సేద్యము’ అని బొమ్మ పేరు. అడవి నరకడం, కాల్చడం, విత్తడం, కలుపు తీయడం, సంత. జులైలో ప్రదర్శన. ఈ నెలాఖరుకి కెమెరా తిరిగి ఇచ్చెయ్యాలి. ఇక్కడ విత్తేది తొలకరి పడ్డాక, అంటే జూన్‌లో. అప్పుడు ఎండ ఉండదు. ఎండ లేనిదే ఫిల్మ్ మీద ఏమీ పడదు, తడి తగిలితే ఉన్నది కూడా పాడవుతుంది. కంపెనీ మేనేజరుకి ఈ సంగతి చెప్తే నవ్వాడు. విత్తడమంటే చెయ్యి ఆడించడమేగా, ఎండలో ఆడించమనండి అన్నాడు.

మాటకి అది నిజమే. వాన పడకూడదని రోజూ దేవుణ్ణి అడుగుతున్నాను. మా ఆవిడ నూకరత్నం ఇక్కడుంటే తిట్టేది, ఊళ్ళో అందరూ వాన కోసం మొక్కుతుంటే మీరు ఇదేం మొక్కు అని.

ఆవిడ కట్టిచ్చిన క్వినైన్ మాత్రలు మింగుతున్నాను. చెవుల్లో హోరు.

మే 10

పోడు కాల్చిన వాలు చూసొచ్చాను. నల్లటి నేల, మోడులు, ఎదురుగా లోయ. ఇంత మంచి చోటు దొరుకుతుందనుకోలేదు. రేపే విత్తడం తీసేస్తాను. పదిహేను ఇళ్ళవాళ్ళూ ఒక వరసలో నడుస్తూ చల్లుతూ రావాలి. ఇసుకో ఊకో ఏదో ఒకటి చల్లమని, చేతులు జోడించి మేష్టారి చేత చెప్పించాను.

సాయంత్రం లెన్సు తుడుచుకుంటుంటే మేష్టారు వచ్చి విత్తనం సంగతి ఏదో చెప్పబోయాడు. ఉత్త చేతులు నేలమీద ఆడించడం వీళ్ళలో పనికిరాదట, ఇసుక కూడా కాదట, అందుచేత... సరిగ్గా అప్పుడే లెన్సు అంచున గీత కనిపించింది. ప్రాణం పోయినంత పనయింది. తుడిస్తే పోయింది, వెంట్రుక. సరే సరే, వాళ్ళకెలా వీలైతే అలా చెయ్యమనండి మేష్టారూ అన్నాను. ఆయన ఇంకాసేపు నిలబడి వెళ్ళిపోయాడు.

మే 11, మంగళవారం

తీశాను. దేవుడు మేలు చేశాడు.

మొదటిసారి అంతా బాగానే వచ్చేది. చిట్టెమ్మ సరిగ్గా కెమెరా ముందుకొచ్చి ఆగి లెన్సులోకి చూసింది. పాడు చేసింది. మళ్ళీ మొదట్నించీ నడవమన్నాను. రెండోసారి ఫిల్మ్ లోపల ఇరుక్కుంది. హేండిల్ తిరుగుతోంది గానీ ఫిల్మ్ కదలట్లేదు, అది నాకు తెలిసేసరికి వాళ్ళు వాలు చివరిదాకా చల్లుకుంటూ వెళ్ళిపోయారు. నల్ల గుడ్డ కింద దూరి సర్దేసరికి చెమటతో తడిసి ముద్దయ్యాను. మూడోసారి అనేసరికి ఎవరూ కదల్లేదు. ఆడవాళ్ళు ఒకళ్ళ మొహాలొకళ్ళు చూసుకున్నారు. పొద్దు వాలితే మోడుల నీడలు అడ్డొస్తాయి. నాకు కంగారెత్తిపోయి మళ్ళీ చేతులు జోడించాను. ఒక్కసారి, ఈ ఒక్కసారే అన్నాను. సోంబరు తల్లితో ఏదో మాట్లాడి ఇంటికి వెళ్ళి, ఎంతసేపటికీ రాడు. చిరాకేసింది. చివరికి రెండు సొరబుర్రలు భుజాన వేసుకొచ్చాడు.

మూడోసారి అద్భుతంగా వచ్చింది. గింజ చేతిలోంచి లేచి ఎండలో మెరిసి పడటం కంటికి కనిపించింది. హేండిల్ తిప్పుతూ తిప్పుతూ నేనే నవ్వుకున్నాను. ఊక అలా మెరవదే అని ఒక్క క్షణం అనిపించింది. ఎండకి ఏదైనా మెరుస్తుంది.

మే 12

పొద్దున్నే వాలు మీద గువ్వలు దిగాయి. వందలు. అనుకోని బహుమానం. దగ్గరికి పాక్కుంటూ వెళ్ళి యాభై అడుగుల ఫిల్మ్ తీశాను. ఆ పక్కనే చీమల బారు, ఒక్కో చీమ నోట ఒక్కో గింజ. వాటినీ తీశాను. మేనేజరు మెచ్చుకుంటాడు.

గింజ.

ఊకలో తాలు గింజలు ఉంటాయి కదా.

మే 14

ఫిల్మ్ డబ్బాలు టపా మనిషికి అప్పగించాను. మైనపు గుడ్డ చుట్టి, తాళ్ళు కట్టి, ఎండలో పెట్టొద్దని, నిప్పు దగ్గర అసలే పెట్టొద్దని చెప్పి, అతను మలుపు తిరిగేదాకా చూశాను. శృంగవరపుకోటలో బండి ఎక్కి, విజయనగరంలో రైలెక్కి, మద్రాసు చేరాలి. చేరేదాకా నాకు నిద్ర పట్టదు.

నరకడం, కాల్చడం, కలుపు నిన్నే ఉత్తుత్తిగా చేయించి తీసేశాను. ఇక మిగిలింది సంత. అది తేలిక.

మే 16

చిట్టెమ్మ రెండు రోజులుగా ఆ వాలు మీదే కూచుని ఉంటోంది. ఎండలో, తలమీద అడ్డాకులు వేసుకుని, చేతిలో పొడుగాటి కర్ర. గువ్వలు దిగితే లేచి తరుముతుంది. ఇంకా బొమ్మ తీస్తాననుకుంటోందేమో పాపం. అయిపోయిందని ఆమెతో చెప్పమన్నాను మేష్టారితో. ఆయన గొంతు సవరించుకున్నాడు. చెప్పడానికి మాత్రం వెళ్ళలేదు.

మే 17

రాయడానికి చెయ్యి రావట్లేదు. అయినా రాస్తాను.

అవి విత్తనాలు. మూడుసార్లూ విత్తనాలే.

మేష్టారు ఇవాళ చెప్పాడు. నేను అడిగితేనే చెప్పాడు. వీళ్ళలో ఇంట్లో మనిషి పోయిన రోజున ఆ ఇంటివాళ్ళు పొలానికెళ్ళి ఉత్త పిడికిలి విసిరి వస్తారట, ఈ చేతికి ఇక ఇక్కడ పని లేదని నేలకి చెప్పడానికి. ఉత్త చెయ్యి గానీ, మన్ను గానీ, ఊక గానీ విసిరితే అదే అర్థం. బతికున్నవాళ్ళు ఆ పని చెయ్యరు. అందుకని గింజ తెచ్చారు. మొదటిసారి చల్లింది ఈ ఏటి సామ విత్తనం. రెండోసారి చల్లింది, మొదటి విత్తు పోతే మళ్ళీ వేసుకోడానికి దాచుకునేది. మూడోసారి చిట్టెమ్మ ఇంటి పొయ్యిమీద వేలాడే బుర్రల్లోది. అది ఊరందరిదీ పోతే తియ్యాల్సింది.

ఆరునెలల తిండి ఆ వాలు. దిగువ పొలంలో పండిన చోళ్ళు, అంటే రాగులు, ఉన్నాయి గానీ అవి కార్తీకం దాకా కూడా సరిపోవట.

ముందే ఎందుకు చెప్పలేదని మేష్టారి మీద విరుచుకుపడ్డాను. ఆయన గొంతు సవరించుకోకుండా అన్నాడు: “సెప్పాను బాబూ. మీరు అద్దం తుడుసుకుంతన్నారు.”

అబద్ధం. నాకెవరూ చెప్పలేదు.

మే 18

వాన లేదు.

మేష్టారు చెప్పినదాన్ని బట్టి, అన్నీ పోయినట్టు కాదు. బూడిద కింద దాగిన గింజ దాగే ఉంటుంది. ఒక మంచి వాన పడితే మొలుస్తుంది. రోజు ఆలస్యమైన కొద్దీ చీమలు, పిట్టలు. అంతే సంగతి. అందుకే ఆమె కర్ర పట్టుకుని కూచుంది.

వాన పడొద్దని నేను మొక్కిన మొక్కులన్నీ వెనక్కి తీసుకుంటున్నాను.

మే 19

ఈ డైరీ వెనక్కి తిప్పి చూశాను. పదో తారీఖు. నా చేతిరాతే. ‘ఉత్త చేతులు నేలమీద ఆడించడం వీళ్ళలో పనికిరాదట, ఇసుక కూడా కాదట’. వెంట్రుక గురించి అంతకన్నా ఎక్కువ రాశాను.

మేష్టారికి క్షమాపణ చెప్పాలి. రేపు చెప్తాను.

మే 20

వాన లేదు. చెప్పలేదు.

మే 21

వాన లేదు. సంతకి వెళ్ళాను, కెమెరా తీసుకెళ్ళలేదు.

వర్తకుడి దగ్గర సామలు దొరికాయి. ఎంత తేలికైపోయిందో మనసు. ఒక బస్తా ఎత్తించి తెచ్చి సోంబరు గుమ్మంలో దింపించాను. మొహాన నవ్వు కూడా పెట్టుకున్నాను. సోంబరు దిశారిని పిలుచుకొచ్చాడు. దిశారి అంటే ఊరికి మంచిరోజులు చూసేవాడు, విత్తడానికి రోజు పెట్టేదీ ఆయనే. సుక్రు అని, ఎండిన కొమ్మలా ఉంటాడు. గుప్పెడు తీసి వాసన చూశాడు, ఒక గింజ కొరికి ఉమ్మేశాడు. కొన్ని గింజలు తడి ఆకులో చుట్టి పొయ్యికి దూరంగా పెట్టాడు. మొలుస్తాయో లేదో చూడాలి, మూడు రోజులాగమన్నాడు.

నెలాఖరుకి కెమెరా చేరకపోతే మేనేజరు అడుగుతాడు. జ్వరమని రాశాను. కొంచెం ఉంది కూడా.

మే 23, ఆదివారం

వాన. వాన. మధ్యాహ్నం నుంచి ఉరుములు, మూడింటికి పట్టుకుంది. వడగళ్ళు కూడా. నేను గొడుగు లేకుండా బయట నిలబడ్డాను, అందరూ చూసి నవ్వారు. నవ్వనీ. కెమెరా పెట్టె మీద చూరు కారుతుంటే సోంబరు తన దుప్పటి తెచ్చి కప్పాడు. అతనూ నవ్వాడు, మొదటిసారి నా మొహంలోకి చూసి.

దేవుడు నా మొర విన్నాడు. ఇంక బెంగ లేదు. సర్దుకుని వెళ్ళిపోవచ్చు.

మే 24

సుక్రు ఆకు విప్పాడు. ఒక్కటి కూడా మొలవలేదు. సంతలో అమ్మేవి వండుకోడానికి ఆవిరి పట్టి ఎండబెట్టినవట. నాకేం తెలుసు. పోనీలే, ఇప్పుడు వాటితో పని లేదు కదా. తినడానికి వాడుకోమన్నాను.

మే 27

మొలిచాయి. సన్నటి పచ్చని ఈనెలు, అక్కడక్కడ, అనుకున్నదానికన్నా పలచగా. కానీ మొలిచాయి. వంగి లెక్కపెట్టబోయి, నాలో నేనే నవ్వుకుని మానేశాను. రేపు బయల్దేరతాను.

మే 28

బయల్దేరలేదు. ఎండ బాగా కాస్తోంది. ఒకటి రెండు రోజులు చూసి వెళ్తాను.

మే 30

ఎండ.

మే 31

ఎండ. మొలకల కొసలు పసుపు. ఆడవాళ్ళు కింద గెడ్డ వాగు నుంచి కుండలతో నీళ్ళు మోసి చిలకరిస్తున్నారు. కొండంత వాలుకి కుండెడు నీళ్ళు. నేనూ రెండు కుండలు మోశాను, మూడోది సగం దారిలో జారి పగిలింది. ఎవరూ ఏమీ అనలేదు. ఏమైనా అంటే బాగుండేది.

జూన్ 2

పోయాయి. చేత్తో తడిమితే పొడి అయిపోతున్నాయి. అది తొలకరి కాదు, వేసవి గాలివాన అని సుక్రు ఆ రోజే అన్నాడట. నేను తప్ప అందరికీ తెలుసు. సోంబరుకీ తెలుసు. మరి నవ్వాడెందుకు?

చిట్టెమ్మ ఇవాళ వాలు మీదికి వెళ్ళలేదు. కర్ర గోడకి ఆనించి ఉంది.

జూన్ 3

వెళ్ళిపోవచ్చు. నన్నెవరూ ఆపరు. ముద్ర కాగితం జేబులో ఉంది, బండి డుంబ్రిగుడలో ఉంది. నేను వెళ్ళిపోతే వీళ్ళు ఒక్క మాట కూడా అనరు. ఆ సంగతి తెలుసు గనకే కాళ్ళు కదలట్లేదు.

మేష్టారికి క్షమాపణ చెప్పాను. ఆయన నా చెయ్యి పట్టుకుని, విత్తనం సంపాదించే దారి ఒకటే ఉందని చెప్పాడు. చుట్టుపక్కల ఊళ్ళలో అడగడం. వీళ్ళలో విత్తనాన్ని అమ్మరు, కొనరు. అడిగితే ఇస్తారు, ఇంటికొక దోసెడు. కానీ ఎవరి వల్ల విత్తనం పోయిందో ఆ మనిషే వచ్చి అడగాలి. పొద్దున్న పొయ్యి రాజెయ్యక ముందు దడి బయట నిలబడాలి. కూచోకూడదు, మంచినీళ్ళు అడగకూడదు. ఎలా పోయిందో చెప్పాలి. విన్నది నమ్మితే ఇస్తారు.

సోంబరు తానే వెళ్తానన్నాడట. చేతులు మావే కదా అన్నాడట.

నేను వెళ్తానన్నాను. అన్నాక భయం వేసింది.

జూన్ 5

ఉత్త చేతులతో వచ్చాం.

నేను, సోంబరు, మేష్టారు తెల్లారేసరికి కొండకి అవతలి ఊళ్ళో ఉన్నాం. మొదటి ఇల్లు దేముడమ్మ అనే ఆమెది. దడి బయట నిలబడ్డాను. ముందుగా ఎలా చెప్పాలో దారిలో కూర్చుకున్నాను. తొందరపడి ముందు విత్తారు, వాన వచ్చి పోయింది, మొలకలు ఎండిపోయాయి. ఇందులో అబద్ధం ఒక్క ముక్క లేదు. మేష్టారు ఆమెకి చెప్పాడు. ఆమె సోంబరుకేసి చూసింది. సోంబరు నేలకేసి చూశాడు. ఆమె మళ్ళీ అదే అడిగింది, ఎలా పోయింది అని. నేను మళ్ళీ అదే చెప్పాను. ఆమె లోపలికెళ్ళి పొయ్యి రాజేసింది. పొగ లేచింది. ఇక ఆ ఊళ్ళో ఇంకో ఇంటికి వెళ్ళే పని లేదట.

తిరిగొస్తుంటే మేష్టారు చెప్పాడు, తొలకరి రాకముందే విత్తేసే తప్పు ఏ కొండవాడూ చెయ్యడని ఆమెకి తెలుసునని. సోంబరుని ఎవరో బలవంతపెట్టారని ఆమె అనుకుంది. అతన్ని బలవంతపెట్టినవాడు పక్కనే నిలబడి అతని మీదికే నెడుతున్నాడనీ ఆమెకి తెలిసిపోయిందట.

సోంబరు దారంతా మాకన్నా ఇరవై అడుగులు ముందే నడిచాడు.

జూన్ 6

నిజం చెప్పాలంటే సర్కారు మనిషిని కాననీ చెప్పాలి. అది సోంబరు వింటాడు. నెలరోజులుగా నా కోసం కోడిపెట్టలు కోశారు, నీళ్ళు మోశారు, ఎండలో నిలబడ్డారు, అంతా ఆ ముద్రకి భయపడి. అది ఉత్తదేనని తెలిస్తే ఏం చేస్తారు? కొట్టరు. కొట్టరనే నమ్మకం. అయినా చేతిలో గొడ్డళ్ళున్న మనుషులు.

నూకరత్నానికి ఉత్తరం రాశాను. చించేశాను.

జూన్ 7

చెప్పాను.

ఇవాళ వేరే ఊరు, డుంబ్రిగుడ దారిలో. దడి బయట నిలబడి, కూర్చుకున్న మాటలన్నీ మర్చిపోయి, అడ్డదిడ్డంగా చెప్పాను. నేను సర్కారు కాదు. నాకు ఏ అధికారమూ లేదు. బొమ్మలు తీసుకునేవాణ్ణి. ఇసుక చల్లమన్నాను, వాళ్ళు చల్లకూడదన్నారు, నేను వినిపించుకోలేదు. నా బొమ్మ బాగా రాలేదని మూడుసార్లు చల్లించాను. గువ్వలు తింటుంటే వాటికీ బొమ్మ తీశాను. మేష్టారు ఒక్కో మాటా చెబుతుంటే సోంబరు మెడ తిప్పి నన్ను చూశాడు. నాకు ఏడుపొచ్చింది. ఆపుకోలేదు.

ఆ ఇంటామె లోపలికెళ్ళింది. పొయ్యి రాజేస్తుందనుకున్నాను. దోసెడు సామలు తెచ్చి నా కండువాలో పోసింది.

జూన్ 8

ఇంకో రెండు ఊళ్ళు. అదే మాట. చెప్పినకొద్దీ తేలిక అవుతుందనుకున్నాను, అవ్వట్లేదు. ఇద్దరు ముగ్గురు లేదన్నారు. వాళ్ళకే చాలదట. లేదన్నందుకు ఒక ముసలాయన నా దగ్గర సిగ్గుపడ్డాడు.

జూన్ 9

తొలకరి మబ్బులు కట్టాయి. మేష్టారికి జ్వరం. సైగలతో, నాకొచ్చిన నాలుగు ముక్కలతో నేనే చెప్పుకున్నాను. దేముడమ్మ ఇంటికి మళ్ళీ వెళ్ళాను. ఒకసారి పొయ్యి రాజేసిన ఇంటికి మళ్ళీ వెళ్ళకూడదేమో, తెలియదు. ఆమె పూర్తిగా వింది. రెండు దోసిళ్ళు పోసింది, ఒకటి మొన్నటిది.

జూన్ 11

ఇవాళ రాయకుండా ఉండలేను.

సోంబరు ఊళ్ళో అందరికీ చెప్పేసి ఉంటాడనీ, ఎవరైనా నా గుడిసె ముందుకొచ్చి నిలదీస్తారనీ నాలుగు రోజులుగా చూస్తున్నాను. ఎవరూ రాలేదు. అన్నం ఎప్పట్లాగే పెడుతున్నారు. భరించలేక చిట్టెమ్మ దగ్గరికి నేనే వెళ్ళాను. ఆమె వాకిట్లో కూచుని తెచ్చిన గింజల్లో రాళ్ళేరుతోంది. ఎదురుగా కూచుని, వచ్చీరాని మాటల్లో, నేను సర్కారు కాదమ్మా, మీరు భయపడి ఆ పని చేశారు, నేను చెప్పకుండా ఊరుకున్నాను అన్నాను.

ఆమె ఏరడం ఆపలేదు. ఆమెకి తెలుగు వచ్చని నాకు ఇంతవరకూ తెలియదు.

“నువ్వు సర్కారు కాదని అడిగిన నాడే తెలుసు మాకు. సర్కారోడు అడుగుతాడేటి? తన్ని సేయిత్తాడు. నువ్వు సేతులు జోడించావు.”

మరి కాదనొచ్చు కదా అన్నాను.

“విత్తు సల్లమని సేతులు జోడించి అడిగినోడికి కాదనం, బాబూ. ఎందుకడిగేవో మాకు తెల్దు. నీ ఊర్ల ఏటి కరువో అనుకున్నాం.”

నా మొహంలోకి చూసి అంది: “మా వోడు రెండోసారే వద్దన్నాడు. నేనే సల్లమన్నాను. ఆ తప్పు నాది. నువ్వు మోయకు.”

వాళ్ళు భయపడి చేశారనుకున్నన్నాళ్ళూ నా తప్పులో సగం ఆ ముద్రకి పంచిపెట్టాను. ఇప్పుడు పంచడానికి ఎవరూ లేరు. ఈమె తీసుకుంటానంటోంది, ఈమెకి ఎలా ఇస్తాను?

జూన్ 12

రాత్రంతా వాన. ఇది అసలుదే. సుక్రు ఎల్లుండి పొద్దున్న విత్తమన్నాడు. విత్తనం ఎంత వచ్చిందని అడిగితే సోంబరు చాట వైపు చూపించి, చెయ్యి సగానికి అడ్డంగా పెట్టాడు. ఇంకా అడగడానికి రోజుల్లేవు, ఇక ఎవరి విత్తనం వాళ్ళు విత్తేసుకుంటారు.

జూన్ 14, సోమవారం

విత్తారు. నేనూ విత్తాను.

అడిగి తెచ్చినవాడే మొదటి గుప్పెడు వెయ్యాలట. బూట్లు విప్పించారు. బురద చల్లగా ఉంది. గింజ చేతిలో ఉంటే చెయ్యి ఎంత తేలిగ్గా తిరుగుతుందో, ఎంత బిగపట్టాలో అప్పుడు తెలిసింది. నేను వేసింది ఒకేచోట కుప్పగా పడింది. సోంబరు వంగి దాన్ని వేళ్ళతో విరజిమ్మి, అలా కాదు, ఇలా అని చూపించాడు. తర్వాత వరస కదిలింది. ఆ రోజులాగే పదిహేను ఇళ్ళవాళ్ళూ, కిందినుంచి పైకి. ఆకాశం నల్లగా ఉంది. ఈ వెలుతురులో ఫిల్మ్ మీద ఏమీ పడదు. కెమెరా గుడిసెలో, సోంబరు దుప్పటి కింద ఉంది, దాని సంగతి నాకు సాయంత్రం దాకా గుర్తే రాలేదు.

వాలు మధ్యలో ఒక పెద్ద మోడు ఉంది. అక్కడికొచ్చేసరికి గింజలు అయిపోయాయి. ఎవరూ ఆగమనలేదు, ఆగిపోయారు. చిట్టెమ్మ చివరి గుప్పెడు విసిరి, ఉత్త చెయ్యిని గబుక్కున చీర కుచ్చిళ్ళలో దాచేసుకుంది. నేలకి కనపడకూడదన్నట్టు. పక్కవాళ్ళూ అంతే. ఒక్కొక్కరే చేతులు దాచుకున్నారు. నేనూ దాచుకున్నాను. మోడుకి పైనున్నదంతా నల్లగా అలాగే ఉంది. మధ్యాహ్నం కూడా కాలేదు. మామూలుగా విత్తడానికి మూడు రోజులు పడుతుందట. అందరూ ఇళ్ళకి దిగి వచ్చేశారు.

వచ్చేసరికి టపా మనిషి ఉన్నాడు. మేనేజరు ఉత్తరం. ఫిల్మ్ క్షేమంగా చేరిందట, కడిగి చూశారట. విత్తే ఘట్టం చాలా బాగుందట. గింజల మెరుపు చూసి అందరూ మెచ్చుకున్నారట. ఒక్కటే లోపం. చివర్లో ముసలామె మొహం మరీ దిగులుగా ఉంది, ప్రేక్షకులకి రుచించదు. జ్వరం తగ్గితే కెమెరా పంపేలోగా ఆ ఒక్క ఘట్టం మరొక్కసారి తీయవలసిందని, ఈసారి ఆమెను నవ్వమనవలసిందని రాశాడు.

టపా మనిషి వానకి ముందే దిగిపోవాలని తొందరపడుతున్నాడు. వాకిట్లోనే నిలబడి జవాబు రాసిచ్చాను. జ్వరం లేదు, ఉందని రాసింది అబద్ధం. ఆ ఘట్టం ఇక తీయడానికి వీలు లేదు. ఇక్కడ విత్తనం అయిపోయింది, నా వల్ల. కింద పూర్తి పేరు రాసి సంతకం పెట్టాను.